ప్రపంచంలో పాత ఫుట్‌బాల్ క్లబ్ ఏది: కేంబ్రిడ్జ్ యూనివర్సిటీదా, షెఫీల్డా?

వింగర్_వైజాగ్:
కేంబ్రిడ్జ్ వాళ్లు తమ యూనివర్సిటీ క్లబ్ 1856 నాటిదంటారు. ఫిఫా మాత్రం 1857 అక్టోబర్ 24న పెట్టిన షెఫీల్డ్ ఎఫ్‌సీకే పెద్దరికం కట్టబెట్టి, 2004లో ఆర్డర్ ఆఫ్ మెరిట్ కూడా ఇచ్చింది. ఇది అన్యాయం. 1856 నాటి కేంబ్రిడ్జ్ రూల్స్ కాపీ ఇప్పటికీ ష్రూస్‌బరీ స్కూల్లో ఉంది. పైన యూనివర్సిటీ ఫుట్‌బాల్ క్లబ్ నియమాలని స్పష్టంగా ఉంది. ఇంకేం కావాలి?

స్టాపర్_సికింద్రాబాద్:
కింద సంతకాలు కూడా చూడండి. ఈటన్, హారో, రగ్బీ, ష్రూస్‌బరీ స్కూళ్ల తరఫున ఇద్దరిద్దరు, యూనివర్సిటీ తరఫున ఇద్దరు. రూల్స్ కోసం కూర్చున్న కమిటీ అది. క్లబ్బయితే చందా ఎవరు కట్టారు, లెక్క ఎవరు రాశారు? షెఫీల్డ్ వాళ్ల చేతిరాత రూల్స్, మినిట్స్ పుస్తకాలు 2011లో వేలానికొస్తే 8,81,250 పౌండ్లు పలికాయి. అదీ ఆధారమంటే.

లైన్స్‌మన్:
ఎడిన్‌బరోలో జాన్ హోప్ 1824లోనే ఫుట్‌బాల్ క్లబ్ పెట్టాడు కదా?

స్టాపర్_సికింద్రాబాద్:
అది 1841తో ఆగిపోయింది. ఇప్పటికీ నడుస్తున్న వాటి సంగతి మాట్లాడుతున్నాం.

వింగర్_వైజాగ్:
1856 కూడా మొదలు కాదు. కేంబ్రిడ్జ్ ట్రినిటీ కాలేజీలో మాల్డెన్ అనే విద్యార్థి గదిలో 1848లోనే కూర్చుని, అర్ధరాత్రి దాకా వాదించుకుని రూల్స్ రాశారు. అచ్చు వేయించి పార్కర్స్ పీస్ మైదానంలో అంటించారు. ఆడేవాళ్లు లేకుండానే అంటించారా?

స్టాపర్_సికింద్రాబాద్:
మాల్డెన్ అది ఉత్తరంలో రాసింది 1897లో. దాదాపు యాభై ఏళ్ల తర్వాత! 1848 కాగితం ఒక్కటైనా దొరికిందా?

కార్నర్_కిక్:
1874లో ఓవల్ మైదానంలో రాయల్ ఇంజనీర్స్‌ను 2-0తో ఓడించి ఎఫ్‌ఏ కప్ గెలిచింది ఆక్స్‌ఫర్డ్ యూనివర్సిటీ. దాని ఊసే లేదేంటి?

వింగర్_వైజాగ్:
అది వేరే చర్చ బ్రదర్.
స్టాపర్ గారూ, కాగితం కాగితం అంటున్నారు కాబట్టి చెప్తున్నా. నేను యూనివర్సిటీ టీమ్‌కి రెండేళ్లు ఆడాను. ఉద్యోగానికి స్పోర్ట్స్ కోటాలో సర్టిఫికెట్ కావాలని వెళ్తే, పాత రిజిస్టర్ చెదలు తినేసింది, మీ టీమ్ రికార్డు లేదు పొమ్మన్నారు. చీలమండ మీద కుట్లు ఇప్పటికీ ఉన్నాయి. రిజిస్టర్ పోతే మేం ఆడనట్టేనా?

స్టాపర్_సికింద్రాబాద్:
మీకు జరిగింది తప్పే. మరి నాదీ వినండి. మా రైల్వే క్వార్టర్స్ క్లబ్‌కి లెక్కలు నేనే రాసేవాణ్ని. నెలకు పది రూపాయల చందా, బ్లాడర్ పంచర్ వేయించిన ఖర్చుతో సహా లాంగ్ నోట్‌బుక్‌లో ఉండేది. గ్రౌండ్ విషయంలో గొడవొస్తే, పక్క కాలేజీ టీమ్‌ది పెద్ద పేరని వాళ్లకే ఇచ్చారు. మా నోట్‌బుక్ తెరిచి చూసినవాడు లేడు. పెద్ద చదువుల పేరుంటే చాలు, చరిత్ర కూడా వాళ్లకే రాసిచ్చేస్తారా? నా కోపం అక్కడ.

లైన్స్‌మన్:
అన్నా, ఇప్పుడు అసలు విషయం బయటికొచ్చింది.

వింగర్_వైజాగ్:
షెఫీల్డ్ వాళ్లేమన్నా కూలీలా? ఆ క్లబ్ పెట్టిన ఇద్దరిలో క్రెస్విక్ లాయరు, ప్రెస్ట్ వైన్ వ్యాపారి. వాళ్లకి పుస్తకాలు దాచుకునే వీలుంది. కుర్రాళ్లు మూడేళ్లు చదివి వెళ్లిపోయే చోట పుస్తకం ఎవరి చేతిలో ఉంటుంది? ఏ ఏడు టీమ్ ఆ ఏడే కట్టుకోవాలి. అలా కట్టుకుంటూ వచ్చారంటే అది క్లబ్ కాదా?

స్టాపర్_సికింద్రాబాద్:
కట్టుకుంటూ వచ్చారో లేదో మీకెలా తెలుసు? ఆక్స్‌ఫర్డ్‌తో మొదటి మ్యాచ్ 1874 మార్చిలో. 1856 నుంచి అక్కడిదాకా మధ్యలో ఏ ఏడు ఎవరు నడిపారో చూపించండి. అప్పుడు మాట్లాడదాం.