మారేడుమిల్లి రోడ్డు పక్కన కొన్న పుట్టకొక్కులు తినొచ్చా?

గోదారమ్మాయి (కాకినాడ):

నమస్కారం అండి. నిన్న మారేడుమిల్లి నుంచి వస్తుంటే రోడ్డు పక్కన ఒకావిడ అడ్డాకుల మీద పుట్టకొక్కులు కుప్పలు పోసి అమ్ముతోంది. కుప్ప నాలుగొందలు అంది, బేరమాడితే మూడొందల యాభైకి ఇచ్చింది. తెల్లగా, నడినెత్తిన బుడిపెతో ఉన్నాయి. కొన్ని బాగా విచ్చుకున్నాయి, కొన్ని ఇంకా ముడుచుకునే ఉన్నాయి. చిన్నప్పుడు అమ్మమ్మగారి ఊళ్లో తిన్న ఇగురు గుర్తొచ్చి ఆలోచించకుండా కొనేశాను.

ఇంటికొచ్చాక టెన్షన్ మొదలైంది. మా ఆయన ముట్టనంటే ముట్టనంటున్నారు. అత్తగారేమో పసుపు నీళ్లలో వేసి చూడు, రంగు మారకపోతే మంచివే అంటున్నారు. ఇవి తినేవేనని ఖాయంగా తెలుసుకునే మార్గం ఏదైనా ఉందా? ఇంకో సంగతి, ఇంత గిరాకీ ఉంది కదా, వీటిని ఎవరూ పెంచరెందుకు? మా మేడ మీద గది ఒకటి ఖాళీగానే ఉంది. చాలా బలమని కూడా అంటారు, నిజమేనా? ప్రస్తుతానికి ఫ్రిజ్‌లో పెట్టాను. త్వరగా చెప్పండి ప్లీజ్.

వంటింటి వాసు (రాజమండ్రి):

ఇంత కంగారు దేనికండీ! ఉడికేటప్పుడు ఒక వెండి చెంచా వేయండి. నల్లబడితే పారబోయండి, లేకపోతే లాగించేయండి. పురుగు పట్టినవి ఉంటే ఇంకా మంచిది. పురుగు తిన్నది మనిషికీ పడుతుందని మా నాన్నగారు అనేవారు.

మన్యం మాస్టారు (రంపచోడవరం):

వాసూ, ఆ చెంచా బీరువాలో పెట్టెయ్. గంధకం తగిలితే వెండి నల్లబడుతుంది, కోడిగుడ్డు తగిలినా అంతే. ప్రాణాలు తీసే అమనీటా జాతి పుట్టగొడుగుల విషానికి వెండి నల్లబడదు, పసుపు రంగు మారదు, వెల్లుల్లి నీలం తిరగదు. వాటిని నత్తలూ పురుగులూ సుబ్బరంగా తింటాయి. ఎంతసేపు ఉడకబెట్టినా ఆ విషం పోదు. ఈ పరీక్షలు చేసి మరీ తిన్నవాళ్లు ఆసుపత్రుల పాలైన వార్తలు ఏటా వానాకాలం పేపర్లో చదువుతూనే ఉన్నాం.

అమ్మా, నీ ప్రశ్నకు వస్తాను. అందరూ గొడుగును చూస్తారు. నువ్వు కాడ అడుగు చూడు.

నేను ఏజెన్సీ బళ్లలో సైన్సు చెప్పి రిటైరైనవాణ్ని. ఆరుద్ర కార్తెలో రెండు వానలు పడితే నా క్లాసు సగం ఖాళీ. పిల్లలు పొద్దున్నే అడవిలోకి పోయి, పదిన్నరకి ఒడి నిండా పుట్టకొక్కులతో వచ్చేవాళ్లు. కోప్పడేవాణ్ని కాదు, నాకూ వాటా ఉండేది కదా. వాళ్లు గొడుగు పట్టుకుని పీకేవాళ్లు కాదు. పుల్లతో చుట్టూ మట్టి వదులు చేసి, కాడను మెల్లగా తిప్పుతూ లాగేవాళ్లు. నేల పైన జానెడు కనిపిస్తే, కింద మూరెడు వేరు వచ్చేది. సన్నగా, పోనుపోను ముదురు రంగుతో, లోపలికి దిగిపోతూ ఉంటుంది. వేరు రాకపోతే "ఇది మనది కాదు సార్" అని అక్కడే పడేసేవాళ్లు.

ఆ వేరు ఎక్కడికి పోతుందో తెలుసా? చెదల గూటిలోకి. మనవైపు పుట్టలు పెట్టే చెదలు ఎండుటాకులూ పుల్లలూ నమిలి తింటాయి గానీ, కట్టెకు గట్టిదనం ఇచ్చే లిగ్నిన్ అనే పదార్థం వాటికి సరిగా అరగదు. అందుకని నమిలి విసర్జించిన దానితో పుట్ట లోపల, చిల్లులు చిల్లులుగా ఉండే గోధుమరంగు ముద్దలు కట్టి, వాటి మీద ఒక శిలీంధ్రాన్ని సాగు చేస్తాయి. ఆ ముద్దను అరగదీసేది శిలీంధ్రం. దాని మీద లేచే తెల్లటి గుండ్లను చెదలు తింటాయి. మనిషి నాగలి పట్టి పదివేల ఏళ్లు అయిందేమో. ఈ పురుగులు సుమారు 3 కోట్ల ఏళ్లుగా వ్యవసాయం చేస్తున్నాయి, అదీ రుణమాఫీ అడక్కుండా.

వానలు పడి నేల నానగానే ఆ శిలీంధ్రం సిద్ధబీజాలు (విత్తనాల్లా పనిచేసే సన్నటి పొడి) చల్లుకోవడానికి పైకి గొడుగు పంపుతుంది. అదే నీ పుట్టకొక్కు. నడినెత్తిన బుడిపె ఊరికే లేదు. గట్టి మట్టిని చీల్చుకుని రావాలి కదా, అందుకని మొన గట్టిగా ఉంటుంది. ఉరిమితే మొలుస్తాయంటారు. ఉరుము వెంట వాన వస్తుంది, పని చేసేది ఆ వాన. ఈ జాతికి టెర్మిటోమైసిస్ అని 1942లో రోజే ఎమ్ (Roger Heim) అనే ఫ్రెంచి శాస్త్రవేత్త పేరు పెట్టాడు. ఆఫ్రికాలో జాంబియా వైపు దొరికే ఒక రకానికి గొడుగు మీటరు వెడల్పు దాకా పెరుగుతుంది. ఒక్కటి తెస్తే ఇల్లంతటికీ కూర!

మేడ మీద గది సంగతి ఇప్పటికే అర్థమై ఉంటుంది. చెదలు లేకుండా అది గొడుగు వేయదు. ల్యాబులో బూజు దశ దాకా పెంచారు గానీ, సంతలో అమ్మేంత పంట ఎవరూ తీయలేదు. పెంచాలని అంత సరదాగా ఉంటే పాల పుట్టగొడుగు వేసుకో. మన ఎండలకు తట్టుకుంటుంది, 30-35 డిగ్రీల్లో కూడా వరిగడ్డి మీద వస్తుంది. రుచిలో దీనికి సాటి రాదు, అది మాత్రం ముందే చెబుతున్నా.

ఇప్పుడు నీ ఫ్రిజ్‌లో ఉన్నవాటి సంగతి. ఒక్కొక్కటీ తీసి చూడు. వేరు ఉందా, తెగి ఉందా? గొడుగు కింద చీరకుచ్చిళ్లలా ఉండే పొరలు తెల్లగా గానీ, ముదిరితే లేత గులాబీగా గానీ ఉండాలి. ఆకుపచ్చ ఛాయ కనిపిస్తే అది క్లోరోఫిల్లమ్ అనే విషపు రకం, వానాకాలం గడ్డిలో, పెరళ్లలో విపరీతంగా మొలుస్తుంది. పైన గోధుమరంగు పొలుసులుంటాయి. తిన్న ఒకటి రెండు గంటల్లోనే వాంతులు, విరేచనాలు. లేతగా ఉన్నప్పుడు దాని పొరలు కూడా తెల్లగానే ఉంటాయి, అక్కడే మోసపోతారు. కాడ మొదట్లో సంచిలాంటి తొడుగు ఉంటే మాత్రం ముట్టుకోకు, అది అమనీటా కావచ్చు. కాడకు ఉంగరం ఉందా లేదా అన్నదాంతో తేల్చకు. పుట్టకొక్కుల్లోనూ కొన్ని రకాలకు ఉంగరం ఉంటుంది.

అనుమానం మిగిలితే విచ్చుకున్న గొడుగు ఒకటి కోసి, సగం తెల్లకాగితం, సగం నల్లకాగితం మీద బోర్లించి, గిన్నె మూసి రాత్రంతా ఉంచు. పొరల నుంచి సిద్ధబీజాల పొడి కాగితం మీద రాలుతుంది. పుట్టకొక్కుది లేత గులాబీగా పడుతుంది. క్లోరోఫిల్లమ్‌ది ఆకుపచ్చగా, అమనీటాది తెల్లగా పడుతుంది. ఈ పరీక్ష తప్పినదాన్ని పారేయ్. నెగ్గినంత మాత్రాన తినెయ్యకు. గులాబీ పొడి రాల్చే వేరే పుట్టగొడుగులూ ఉన్నాయి, వాటిలో పడనివీ ఉన్నాయి.

బలం గురించి రెండు ముక్కలు. పచ్చి పుట్టగొడుగులో 90 శాతం దాకా నీళ్లే. మిగిలినదాంట్లో మాంసకృత్తులు బాగానే ఉంటాయి, కొవ్వు తక్కువ. ఎండలో పెడితే విటమిన్ డి పెరుగుతుంది. షుగరు పోతుంది, క్యాన్సరు తగ్గుతుంది అని వాట్సాప్‌లో వచ్చేవి వదిలెయ్. మేం రుచి కోసం తింటాం.

రాత్రి డ్యూటీ (విశాఖపట్నం, నర్సు):

మాస్టారు చెప్పినదానికి ఒక్కటి కలుపుతాను, ఎందుకంటే వార్డులో దీనివల్లే ఆలస్యం జరుగుతుంది. గంటలో వాంతులైతే అందరూ భయపడి పరుగెత్తుకొస్తారు, చాలావరకు బయటపడతారు. అమనీటా తిన్నవాళ్లకు 6 నుంచి 12 గంటల దాకా, ఒక్కోసారి ఇంకా ఎక్కువసేపు ఏమీ ఉండదు. తర్వాత వాంతులు, విరేచనాలు. మర్నాటికి కాస్త తగ్గినట్టు కనిపిస్తుంది. "తగ్గిపోయింది కదా" అని ఇంటికి పోతామంటారు. లోపల లివర్ దెబ్బతినేది అప్పుడే. కాబట్టి ఎప్పుడు తిన్నారో సమయం చెప్పండి, మిగిలినవి ఉంటే తీసుకురండి, వండినా సరే. అడవివి వండిన రోజు పచ్చివి రెండు కాగితంలో చుట్టి పక్కన ఉంచడం మంచి అలవాటు.

గోదారమ్మాయి:

మాస్టారూ, అన్నీ పళ్లెంలో పరిచి చూశాను. సగానికి పైగా వాటికి వేరు ఉంది, ఒకదానికైతే నా అరచేయంత పొడుగు, చివర ఎర్రమట్టి కూడా. కొన్నింటికి కాడ దగ్గరే కోసేసి ఉంది. అడుగున బొటనవేలి గోరంత చిన్నవి ఒక గుప్పెడు కలిపేసింది. వాటికి వేరు లేనే లేదు! మా ఆయన కళ్లద్దాలు పెట్టుకుని నాతో పాటు కూర్చుని ఏరారు గానీ, తింటానని మాత్రం అనలేదు.

మన్యం మాస్టారు:

ఆ చిన్నవి కూడా పుట్ట తాలూకువే కావచ్చు. చెదలు గూటి ముద్దను బయటికి తెచ్చి పడేసినప్పుడు వందలకొద్దీ లేచే చిన్న రకం ఒకటి ఉంది, దానికి పొడుగు వేరు ఉండదు. కానీ అది మొలిచిన చోట చూసినవాళ్లకే తెలుస్తుంది. రోడ్డు మీద కొన్నదానికి ఆ సాక్ష్యం లేదు. వాటినీ, కాడ కోసినవాటినీ పారేయ్. మూడొందల యాభైలో సగం పోయిందనుకో. వేరున్నవాటిని కూడా నేను చెప్పిన మిగతా గుర్తులతో సరిచూసి, ఏజెన్సీ వైపు తెలిసినవాళ్లెవరికైనా చూపించి వండు. ఫొటో చూసి అవునని చెప్పమంటే నేనైతే చెప్పను. ఇంకోసారి కొనేటప్పుడు "వేరుతో ఉన్నవే ఇవ్వు" అని అడుగు. ఏరేవాళ్లకు అది ఇబ్బందేం కాదు, పుట్ట తవ్వకుండానే మెల్లగా లాగితే వస్తుంది. పుట్టను పలుగుతో పొడిస్తే వచ్చే ఏడు అక్కడ ఏమీ ఉండదు.

ఫ్రిజ్‌లో ప్లాస్టిక్ కవర్లో ఉంటే ఇప్పుడే కాగితం సంచిలోకి మార్చు, చెమ్మకు జిగురొస్తాయి. ఒకటి రెండు రోజులకు మించి ఉంచకు. ఉప్పునీళ్లలో మట్టి పోయేదాకా కడిగి, ఉల్లిపాయ, పచ్చిమిర్చి వేగాక వేసి, దాని నీళ్లతోనే ఇగరబెట్టు. విడిగా నీళ్లు పోయొద్దు. సగం ఉడికినవి అరగవు, బాగా మగ్గనివ్వు. మొదటిసారి తినేవాళ్లకు రెండు ముక్కలు చాలు. మీ ఆయన్ని బలవంతపెట్టకు.

వంటింటి వాసు:

చెంచా లోపల పెట్టేశాను మాస్టారూ. గోకవరం సంతలో వేరుతో అమ్మేవాళ్లు ఎవరైనా ఉన్నారా?