జపాన్‌లో నీసా పరిమితి పెంచితే పెద్దవాళ్ల డబ్బు బ్యాంకులోంచి కదులుతుందా?

ప్రశ్న:
జపాన్ కుటుంబాల ఆర్థిక ఆస్తుల్లో దాదాపు సగం నగదు, డిపాజిట్లే. 2024 జనవరి నుంచి నీసా ఖాతాలో (షేర్లు, ఫండ్‌లలో పెట్టే డబ్బుకు పన్ను మినహాయింపు ఇచ్చే ఖాతా) ఏటా 36 లక్షల యెన్లు, మొత్తం మీద 1.8 కోట్ల దాకా పెట్టుకోవచ్చు. లాభం మీద 20.315 శాతం పన్ను ఉండదు. డెబ్బై దాటినవాళ్లకు దీనివల్ల ఒరిగేదేమైనా ఉందా? అసలు పొదుపు పెరుగుతుందా?

జవాబు 1:
పెరగడం కన్నా చోటు మారడమే ఎక్కువండి. ఉన్న డిపాజిట్ తీసి ఫండ్‌లో పెట్టినా మినహాయింపు వస్తుంది, కొత్తగా ఒక్క యెన్ దాచనక్కర్లేదు. పెద్దవాళ్లకు అసలు లాభం వేరే ఉంది. నీసా ఖాతాదారు పోతే, ఆ రోజు ధరే వారసులకు కొన్న ధర అవుతుంది. మామూలు ఖాతాలో అయితే ఎప్పుడో కొన్న పాత ధరే వాళ్లకు దిగుతుంది, అమ్మినప్పుడు పన్ను పడుతుంది.

ఒక్క జాగ్రత్త: షేర్ల డివిడెండు బ్రోకరేజి ఖాతాలోనే జమయ్యేలా ఎంచుకోవాలి. పోస్టాఫీసుకు కాగితం పట్టుకెళ్లి తీసుకునే పాత పద్ధతే ఉంచితే, షేర్లు నీసాలో ఉన్నా పన్ను కోసేస్తారు. ముసలివాళ్లు దెబ్బతినేది ఎక్కువగా ఇక్కడే.

జవాబు 2:
వారసత్వ పన్ను వదిలేసి నీసా ఒక్కటే చూస్తే లెక్క తేలదు. 2015 నుంచి మినహాయింపు 3 కోట్ల యెన్లు, ఒక్కో వారసుడికి మరో 60 లక్షలు. భార్య, ఇద్దరు పిల్లలుంటే 4.8 కోట్లు. అంతకుముందు ఇదే కుటుంబానికి 8 కోట్లు ఉండేది. బ్యాంకులో కోటి ఉంటే కోటిగానే చూస్తారు. భూమికి మాత్రం రోసెంకా అనే వీధివారీ రేటు, అది ప్రభుత్వం ప్రకటించే ధరలో 80 శాతం దగ్గర ఉంటుంది. దాని మీద అద్దె ఇల్లు కడితే విలువ ఇంకా తగ్గుతుంది. అందుకే అప్పుచేసి మరీ అద్దె అపార్ట్‌మెంట్లు కట్టిస్తారు. అద్దెకు వచ్చేవాళ్లున్నారా అని చూడకుండా పన్ను కోసం పోసిన డబ్బు అది. నాకైతే ఇది దేశానికి నష్టమనే అనిపిస్తుంది.

ప్రశ్న అడిగినవారు:
బతికుండగానే పిల్లలకు ఇచ్చేస్తేనో?

జవాబు 2:
పుచ్చుకునేవారికి ఏటా 11 లక్షల యెన్ల దాకా గిఫ్ట్ పన్ను లేదండి. కానీ చనిపోవడానికి ముందు 3 ఏళ్లలో వారసులకు ఇచ్చినదాన్ని తిరిగి ఆస్తిలో కలిపేవారు. 2024 నుంచి ఇచ్చేవాటికి ఆ గడువు మెల్లగా 7 ఏళ్లకు పెరుగుతోంది, కాబట్టి ముందుగా మొదలుపెట్టినవారికే ఫలితం. ఆస్తిలో వాటా రాని మనవలకు ఇచ్చినది కలపరు. అయితే తాతగారి జీవిత బీమా సొమ్ము ఆ మనవడికే వచ్చేలా రాసి ఉంటే అతనికిచ్చినదీ కలుపుతారు. ముందు ఆ పాలసీ తీసి చూడండి.