డెజీ ఆర్నాజ్ సినిమాల్లో ఎందుకు నిలబడలేదు? టీవీలో అంత పేరెలా వచ్చింది?

రిథమ్‌ప్యాడ్_నల్లగొండ
అన్నలకు, అక్కలకు నమస్తే. పెళ్లిళ్ల ఆర్కెస్ట్రాలో కాంగోస్ (చేతులతో కొట్టే పొడవాటి క్యూబా డ్రమ్ములు) వాయిస్తా. పాత వీడియోలు చూస్తుంటే క్యూబాకు చెందిన డెజీ ఆర్నాజ్ ‘బబలూ’ పాడుతూ డ్రమ్ము వాయించేది కంటబడింది, అప్పటి నుంచి అదే లోకం. సొంత బ్యాండు, మంచి గొంతు, పైగా అందగాడు, 1940లోనే హాలీవుడ్‌లో అడుగుపెట్టిండు. మరి హీరోగా ఎందుకు నిలబడలేదు? టీవీ చరిత్ర ఎవరు రాసినా ఆయన పేరు ఎందుకు వస్తది?

పాలమూరు_పాతసినిమా
తమ్మీ, ఆయన 1917లో సాంటియాగో డి క్యూబాలో పుట్టిండు. తండ్రి ఆ ఊరికి మేయర్, ఉన్నోళ్ల ఇల్లు. 1933లో క్యూబా అధ్యక్షుడు మచాదో ప్రభుత్వం కూలినప్పుడు తండ్రిని జైల్లో పెట్టారు, ఆస్తులు పోయాయి, చివరికి అమెరికాలోని మయామీ చేరారు. అక్కడ కెనరీ పిట్టల పంజరాలు కడిగి కూడా బతికిండు. తర్వాత జేవియర్ కుగాట్ బ్యాండులో పని నేర్చి, మయామీకి తిరిగొచ్చి సొంత బ్యాండు పెట్టి, జనాన్ని ఒకరి వెనక ఒకరిని నిలబెట్టి కాంగా అనే డాన్సు ఆడించిండు. 1939లో న్యూయార్క్ నాటకశాలల వీధి బ్రాడ్‌వేలో ‘టూ మెనీ గర్ల్స్’ నాటకం, మరుసటేడు దాని సినిమా. నటి లుసిల్ బాల్ పరిచయమైంది ఆ సినిమాతోనే, ఆ ఏడు నవంబరులోనే పెళ్లి. 1943లో ‘బటాన్’లో సైనికుడి వేషం చూడు, మనిషిలో నటుడు ఉన్నడని తెలుస్తది. కానీ క్యూబా యాస వినగానే బ్యాండు మాస్టర్ వేషం తప్ప ఇంకోటి తట్టేది కాదు అక్కడివాళ్లకు. నన్నడిగితే లోపం ఆయన నటనలో లేదు.

దేవరకొండ_డప్పు
ఒక మాట కలుపుతా. సాంటియాగో ఉత్సవాల్లో నల్లజాతివాళ్లు వీధుల్లో వాయిస్తూ ఆడే కాంగాను 1925లో నిషేధించింది మేయర్‌గా ఉన్న ఈయన తండ్రే. అదే కాంగాతో కొడుకు అమెరికాలో నిలదొక్కుకున్నడు. పాతకాలం కాంగోస్‌కు చర్మాన్ని మేకులతో బిగించేవాళ్లు, సాగితే మంట దగ్గర పట్టుకుని వేడిచేసేవాళ్లు, అచ్చం మనం డప్పు కాచినట్టే. ఇంకోటి, ‘బబలూ’ రాసింది మార్గరీటా లెకువోనా, ఆర్నాజ్ కంటే ముందు దాంతో పేరు తెచ్చుకుంది మిగెలీటో వాల్డెస్. ఆయన కూడా క్యూబా గాయకుడే, సినిమాల్లో కనిపించినవాడే. ఆయన పాడింది కూడా తప్పకుండా విను తమ్ముడూ, ఆ గొంతు వేరే.

ఎడిటింగ్‌రూమ్_సూర్యాపేట
అసలు సంగతి టీవీలోనే ఉంది. అమెరికా టీవీ సంస్థ సీబీఎస్ వాళ్లు కామెడీ షోకు లుసిల్‌ను రమ్మన్నారు గానీ భర్త వేషానికి ఆర్నాజ్ వద్దన్నారు, జనం ఒప్పుకోరని వాళ్ల భయం. ఇద్దరూ 1950లో ఊరూరా స్టేజీ షోలు చేసి, జనం ఎట్ల నవ్వుతున్నరో చూపించారు. 1951 అక్టోబరు 15న ఇద్దరూ కలిసి చేసిన ఆ కామెడీ షో ‘ఐ లవ్ లూసీ’ మొదలైంది. అప్పట్లో షోలు ఎక్కువగా న్యూయార్క్ నుంచి లైవ్. దూరపు ఊళ్లకు టీవీ తెర మీద బొమ్మను కెమెరాతో పట్టి పంపేవాళ్లు, మసకమసకగా ఉండేది. వీళ్లేమో లాస్ ఏంజిలిస్ విడిచి వెళ్లేది లేదన్నారు. అందుకని ప్రేక్షకులను ఎదురుగా కూర్చోబెట్టి, మూడు కెమెరాలతో 35 ఎంఎం ఫిల్ము మీద తీశారు. కెమెరా పని కార్ల్ ఫ్రాయిండ్ చూశాడు. అన్ని కోణాల్లోనూ వెలుతురు ఒకేలా ఉండాలి, మధ్యలో ఆపి లైట్లు మార్చే వీలుండదు, ఆ తిప్పలు ఎడిటింగ్ చేసేవాళ్లకే తెలుస్తయి. ఖర్చు పెరిగితే తమ పారితోషికం తగ్గించుకుని, బదులుగా ఆ ఫిల్ముల మీద హక్కు రాయించుకున్నారు. మళ్లీ ప్రసారం చేస్తే డబ్బులొస్తాయని అప్పటికి ఎవరూ పెద్దగా లెక్కలేసుకోలేదు. తర్వాత ఆ హక్కులు సీబీఎస్‌కే అమ్మారు. ఆర్నాజ్, లుసిల్‌ల సొంత కంపెనీ డెసీలూ 1957లో ఆర్‌కేఓ అనే సినిమా కంపెనీ స్టూడియోలనే కొనేసింది, ఆ సినిమా ‘టూ మెనీ గర్ల్స్’ తీసింది కూడా ఆర్‌కేఓనే. 1960లో విడాకులు, 1962లో తన వాటా లుసిల్‌కే అమ్మేసిండు, 1986లో పోయిండు.

రిథమ్‌ప్యాడ్_నల్లగొండ
అన్నా, ఇది చదివి మనసంతా అదోలా అయింది. మా టీమ్ చేసిన జానపదాలు ఒక ఛానల్‌కు పాటకింత అని ఇచ్చేశాం, లక్షల్లో చూస్తున్నారు, మాకు ఆ తర్వాత రూపాయి లేదు.

ఎడిటింగ్‌రూమ్_సూర్యాపేట
కాగితం మీద ఏం రాసుకున్నారో ముందు అది తీయి తమ్మీ. మాట మీద ఇచ్చి ఉంటే పాట కట్టినోళ్లు, పాడినోళ్లు, వాయించినోళ్లు అందరూ కలిసి కాపీరైట్ తెలిసిన వకీల్‌ను కలవండి. కొత్త పాటకు మాత్రం మాస్టర్ ఫైలు మీ హార్డ్‌డిస్క్‌లో ఉంచుకుని, సంతకాలయ్యాకే పంపండి.

దేవరకొండ_డప్పు
కొత్త పాటకు డప్పు కావాలంటే చెప్పు తమ్ముడూ, నేనొస్తా.