చెవిలోని జోరీగా? చెవిలోని గోమారా?

తుంగభద్ర:
వేమన పద్యంలోని ఒక పాదం చాలా రోజులుగా నన్ను వదలడం లేదు. ‘చెప్పులోని రాయి చెవిలోని...’ తర్వాత అచ్చు పుస్తకాలన్నీ ‘జోరీగ’ అంటాయి. మా తాతగారు మాత్రం ‘గోమారి’ (పశువులను పట్టి రక్తం తాగే చిన్న ప్రాణి) అని చదివేవారని నా జ్ఞాపకం. పిల్లల పత్రికకు గెర్ట్రూడ్ థైలర్ (1897–1986) గురించి వ్యాసం రాస్తున్నాను. దక్షిణాఫ్రికాలో పుట్టి, ఆఫ్రికా గోమార్లను వర్గీకరించడానికి దశాబ్దాలు వెచ్చించిన శాస్త్రవేత్త ఆమె. పశువుల చెవుల్లో గుంపుగా పట్టే గోధుమరంగు గోమారి ఆమె అధ్యయనంలో ముఖ్యమైనది. అందుకే వ్యాసానికి ‘చెవిలోని గోమారి’ అని పేరు పెట్టాలని ఉంది. ఈ పాఠాంతరం ఎవరైనా చూశారా?

ఆటవెలది:
ఛందస్సును సాక్ష్యానికి పిలిచి లాభం లేదు. ‘జోరీగ’ తగణం, ‘గోమారి’ కూడా తగణమే. యతి ‘చెప్పు’కూ ‘చెవి’కీ కుదిరింది కాబట్టి చివరి గణం జోలికి అది రాదు. రెండూ సరిపోతాయి. ఇక అర్థమే తేల్చాలి.

పాతఅచ్చు:
అర్థం తేలిపోయే ఉంది కదా! ‘జోరు’ అంటే ఈగలు చేసే రొద. జోరు చేసే ఈగ జోరీగ. చెవికి బాధ చప్పుడుతోనే. వేమన ఒక్కో అవయవానికి తగిన బాధను ఏరి పెట్టాడు. అక్కడ గోమారికి పనేమిటి?

గోదారిగట్టు:
పాతఅచ్చు గారూ, పద్యాన్ని ఇంకోసారి చూడండి. చెప్పులో రాయి, కంటిలో నలుసు, కాలిలో ముల్లు, ఇంటిలో పోరు. అన్నీ లోపల చేరి బయటికి పోనివే. జోరీగ చెవి చుట్టూ తిరుగుతుంది, లోపల కాపురం పెట్టదు. ‘లోని’ అన్న మాటకు న్యాయం చేసేది గోమారే. తుంగభద్ర గారి తాతగారిని నేను నమ్ముతాను.

పాతఅచ్చు:
తాతగారి మీద నాకూ గౌరవమే. కానీ బ్రౌన్ 1829లో వేమన పద్యాలు అచ్చువేయించిన నాటి నుంచి ఇంతమంది పరిష్కర్తల చేతుల మీదుగా వచ్చిన పద్యమిది. ఒక్క ప్రతిలోనైనా కనిపించని పాఠాన్ని ‘లోని’ అనే విభక్తిని పట్టుకుని నిలబెట్టలేం.

పశువైద్యం (విశ్రాంత):
ఛందస్సు నాకు రాదు గానీ పశువుల చెవులు చాలా చూశాను. గోమారి పట్టినప్పుడు పశువు ఒక్కసారిగా తల విదిల్చుకోదు. దాని లాలాజలం నొప్పి తెలియనివ్వదు. రోజుల తరబడి రక్తం తాగి, ఉబ్బి, తనంతట తానే రాలిపోతుంది. రాయి, నలుసు, ముల్లు తక్షణం బాధిస్తాయి, ‘ఇంతింత గాదయా’ అన్నది వాటికే సరిపోతుంది. కాబట్టి ఈ పద్యంలో నా ఓటు జోరీగకు.

ఆ నొప్పి తెలియనితనమే దక్షిణాఫ్రికాను ముంచింది. 1896–97లో రిండర్‌పెస్ట్ అనే అంటురోగం ఆ ప్రాంతపు పశువులను ఊడ్చేసింది. మళ్ళీ మందలు పెంచుకోవడానికి తూర్పు ఆఫ్రికా నుంచి పశువులను తెచ్చారు. వాటితో ఈస్ట్ కోస్ట్ జ్వరం వచ్చింది. అది గోధుమరంగు చెవి గోమారి ద్వారా పాకుతుందని తేల్చడానికే కొంతకాలం పట్టింది. ఆ జ్వరకారక సూక్ష్మజీవి జాతికే ‘థైలేరియా’ అని పేరు పెట్టారు, గెర్ట్రూడ్ తండ్రి ఆర్నాల్డ్ థైలర్ గౌరవార్థం. స్విట్జర్లాండ్ నుంచి వెళ్ళిన పశువైద్యుడాయన. ప్రిటోరియా దగ్గరి ఆండర్‌స్టెపోర్ట్‌లో 1908లో మొదలైన పరిశోధనశాల ఆయన చలవే. మన దగ్గర సంకరజాతి ఆవులకు జ్వరం వచ్చి, మెడ దగ్గర గ్రంథులు వాచినప్పుడు ‘థైలేరియా’ అని చీటీ రాస్తామే, అది ఆ ఇంటి పేరే. కాకపోతే మన దగ్గరిది వేరే థైలేరియా, దాన్ని మోసే గోమారీ వేరు.

తుంగభద్ర:
ధన్యవాదాలు డాక్టరు గారూ. ఆమె తమ్ముడు మాక్స్ థైలర్‌కు పచ్చజ్వరం టీకా పరిశోధనకు 1951లో నోబెల్ వచ్చింది. తండ్రి పేరు రోగానికి, తమ్ముడి పేరు టీకాకు ముడిపడ్డాయి. ఆమె గురించి మాత్రం తెలుగులో నాకు ఒక్క పేరా కూడా దొరకలేదు. అందుకే ఈ వ్యాసం.

కలువకొలను:
గోమార్లు సాలీడు బంధువులు కదా. ఆ మాట వినగానే నాకు ధూర్జటి గుర్తొచ్చాడు. ‘ఏ వేదంబు పఠించె లూత?’ అన్న ప్రశ్న ముందు ఏ పాండిత్యమైనా తల వంచాల్సిందే. సాలీడు, పాము, ఏనుగు, బోయ అని ఆ క్రమం చూడండి. ఎనిమిది కాళ్ళ చిన్న ప్రాణిని అందరికంటే ముందు నిలబెట్టిన కవి ఇంకెవరున్నారు?

గోదారిగట్టు:
జాషువా ఉన్నాడు. సాలీడు మీద ఆయన పద్యాలు చదివాక గూడును చీపురుతో దులపడానికి చెయ్యి రాదు. ధూర్జటికి సాలీడు భక్తుడు, జాషువాకు పనివాడు. నాకు రెండోదే ఎక్కువ ఇష్టం.

కలువకొలను:
కాళహస్తి గుడిలో నిలబడి ఆ మాట అనగలరా? ధూర్జటి సాలీడుదీ పనే, నేత పనే.

పశువైద్యం (విశ్రాంత):
చిన్న చేర్పు: గోమారి పిల్లకు ఆరే కాళ్ళు. కుబుసం విడిచాక ఎనిమిది. గోధుమరంగు చెవి గోమారి మూడు దశల్లో మూడు పశువులను పడుతుంది. పిల్లగా ఉన్నప్పుడు జబ్బు పశువు నుంచి తెచ్చుకున్న సూక్ష్మజీవిని తర్వాతి దశలో ఇంకో పశువుకు ఎక్కిస్తుంది. నీలిరంగు గోమారి అలా కాదు, మూడు వారాల పాటు ఒకే పశువును అంటిపెట్టుకుని ఉంటుంది. ఏ గోమారి ఏదో తెలియకపోతే, మందునీటి తొట్టిలో పశువులను ఎన్ని రోజులకోసారి దింపాలో తెలియదు. చెవి గోమారికి మూడు నుంచి ఐదు రోజులకోసారి దింపాలి. నీలి గోమారికి అంత తరచుగా అక్కర్లేదు. వర్గీకరణ అంటే పెట్టెల్లో పేర్లు అంటించడమని అనుకునేవారికి ఇది చెప్పండి తుంగభద్ర గారూ.

తుంగభద్ర:
తప్పకుండా. ఆమె మొదట పట్టింది గోమార్లను కాదు, గుర్రాల పేగుల్లోని నులిపురుగులను. వాటి మీద స్విట్జర్లాండ్‌లోని నూషటెల్‌లో డాక్టరేటు చేశారు. కొన్నేళ్ళు కళాశాలలో బోధించారు. ఆండర్‌స్టెపోర్ట్‌లో చేరాక పశువైద్య సిబ్బంది దేశం నలుమూలల నుంచి పంపిన గోమార్లను ఒక్కొక్కటిగా చూసి, ఏ జాతి ఎక్కడుందో పటాలు గీశారు. ఆ పటాలను వానతో, మంచుతో, చెట్టూచేమతో పోల్చి చూసి, ఒక జాతి ఒకచోట ఎందుకు ఆగిపోతుందో వివరించారు. ఆ వరుస వ్యాసాలు 1948 నుంచి వెలువడ్డాయి. సహారాకు దక్షిణాన ఉన్న ఆఫ్రికా గోమార్లన్నిటి మీదా 1962లో పెద్ద నివేదిక ఇచ్చారు.

ఇప్పుడు ఇంకో సందేహం. ఆమె పేరు మీద 1953లో ఒక గోమారికి ‘ఇక్సోడిస్ థైలెరే’ అని పేరు పెట్టారు. దాన్ని తెలుగులో ‘థైలెరే’ అనాలా, ‘థైలెరీ’ అనాలా?

ఆటవెలది:
లాటిన్‌లో స్త్రీ పేరుకు షష్ఠి చివర రెండచ్చులు కలిసి వస్తాయి. ఇంగ్లండు వాళ్ళు దాన్ని ‘ఈ’ అంటారు. చాలామంది శాస్త్రవేత్తల నోట విన్నదీ అదే. ‘థైలెరీ’ అనండి.

పశువైద్యం (విశ్రాంత):
దయచేసి అలా రాయకండి. పశువుల రక్తంలో ఉండే ట్రిపనోసోమా అనే సూక్ష్మజీవి ఒకటుంది, 1902లో తండ్రి పేరు పెట్టారు. తెలుగులో దాన్ని ‘థైలెరి’ అనే రాస్తాం. మీరు కూతురి పేరును ‘థైలెరీ’ చేస్తే, ఇద్దరికీ మిగిలే తేడా ఒక దీర్ఘం. అచ్చులో అది పోయిందంటే ఆమె గోమారి కూడా తండ్రి ఖాతాలో పడుతుంది. ‘రే’ అనే ఉంచండి.

గోదారిగట్టు:
డాక్టరు గారి మాటే నాదీ. ఈ ఒక్క అక్షరం ఆమెకు దక్కాలి.

ఆటవెలది:
ఉచ్చారణను సౌకర్యం కోసం మార్చుకుంటూ పోతే రేపు ప్రతి లాటిన్ పేరుకూ ఇదే గొడవ. అయినా ‘రే’ వాదన బలమైనదే, ఒప్పుకుంటాను. పాత లాటిన్ ఉచ్చారణ ‘ఐ’కి దగ్గరని మాత్రం మరవకండి.

తుంగభద్ర:
‘రే’ అనే రాస్తాను. 1960లో జెరూసలేం శాస్త్రవేత్త బ్రాఖా ఫెల్డ్‌మన్-ముహ్సమ్ ఇంకో గోధుమ గోమారికి ‘రైపిసెఫాలస్ గెర్ట్రూడే’ అని పేరు పెట్టారు. ఒక స్త్రీ మరో స్త్రీకి, ఇంటిపేరుతో కాక సొంత పేరుతో ఇచ్చిన గౌరవం. ఈ వర్గం గోమార్లు ఒకదానిలా మరొకటి ఉంటాయి. వీపు పెంకు మీద సన్నటి గుంటలు ఎంత ఒత్తుగా ఉన్నాయో చూసి విడదీయాలి. అక్కడ ‘డే’నా ‘డీ’నా అని ఎవరూ అడగరనుకుంటాను.

కలువకొలను:
శీర్షిక సంగతేమిటి మరి?

తుంగభద్ర:
‘చెవిలోని గోమారి’ అనే పెడతాను. వేమన పేరు ఎత్తను.

పాతఅచ్చు:
అది న్యాయం. అన్నట్టు, పై వ్యాఖ్యలన్నిటిలో ‘చెవిలోని’ అని ఉంది. నేను నేర్చుకున్నది ‘చెవిలోన జోరీగ’. గణం మారదు గానీ అర్థం మారుతుంది. ‘లోన’ అయితే జోరీగ అక్కడ స్థిరంగా ఉండనక్కర్లేదు, గోదారిగట్టు గారి వాదన అక్కడే వీగిపోతుంది.

గోదారిగట్టు:
‘చెప్పులోని’, ‘కంటిలోని’, ‘ఇంటిలోని’ అని మిగతావన్నీ ‘ని’తో ఉంటే, చెవికి మాత్రం ‘న’ ఎందుకు వచ్చింది? మీ ప్రతి ఏ ఊరి అచ్చో చెప్పండి, తర్వాత మాట్లాడుకుందాం.