అప్‌డేట్: పద్యం మధ్యలో ఊపిరి అందకపోవడం గురించి

పద్యనాటకంలో కృష్ణుడి వేషం వేసి సీస పద్యం ఎత్తుకుంటే మూడో పాదానికే ఊపిరి చాలడం లేదని పోయిన నెల అడిగాను కదా. మీరు చెప్పినట్టే రాగం పక్కనపెట్టి, పది రోజులు పద్యాన్ని మామూలు మాటల్లా చదివాను. సీసంలో ప్రతి పాదమూ రెండు ముక్కలు. ఆ విరుపు దగ్గర, అర్థం చెడకుండా, చిన్న ఊపిరి తీసుకోవడం అలవాటైంది.

అసలు ఇబ్బంది శ్రుతిలో, అంటే పాడే స్థాయిలో ఉంది. నాలుగున్నర శ్రుతి నా గొంతుకు ఎక్కువ. హార్మోనియం వాయించే మాస్టారు శ్రుతి దించారు. కృష్ణుడి వేషానికి పేరుపొందిన రంగస్థల నటుడు పీసపాటి నరసింహమూర్తి గారి పద్యాలు రోజూ విన్నాను.

మొన్న మా ఊరి తిరునాళ్లలో టెన్షన్ పడుతూనే ఎత్తుకున్నాను. సీసం, దాని కింద వచ్చే చిన్న పద్యం తేటగీతి పూర్తయ్యాయి. వన్స్‌మోర్ అన్నారు! రెండోసారీ ఊపిరి చాలింది. ఆలాపన మాత్రం ఇంకా నిలవడం లేదు, సాధన చేస్తున్నాను. అందరికీ నమస్కారాలు.