భయయోగమా, భావయోగమా?

ప్రశ్న: 1979 నాటి ‘ఏలియన్’ చిత్రాన్ని మళ్లీ చూస్తూ, గుడ్డులోంచి ఎగిరి ముఖాన్ని కరచుకున్న జీవి మనిషి లోపల పిండాన్ని నాటి రాలిపోవడం, ఆ పిండం రొమ్ము చీల్చుకొని బయటపడడం దగ్గరికి వచ్చేసరికి పోతన భాగవతం సప్తమస్కంధంలోని కందం ఒకటి మనసులో మెదిలింది. తుమ్మెద పురుగును తెచ్చి చుట్టూ తిరుగుతుంటే, ఆ పురుగు భ్రాంతిపడి తానూ తుమ్మెద రూపం వహిస్తుందనే భ్రమరకీటక న్యాయం దాని విషయం. చివరి పాదం ‘పాటించి వహించుఁ గాదె భావయోగమునన్’ అనే నా నోటికి వస్తున్నది. పాఠం సరైనదేనా?

జవాబు: కాదు, ‘భయయోగమునన్’. కందంలో గణానికి నాలుగు మాత్రలే; ‘భావయో’ అంటే అయిదు మాత్రలై గణం చెడుతుంది.

మరొకరు: గణం సరే, అర్థం మాటేమిటి? సంస్కృత భాగవతంలోని మూలశ్లోకంలో ‘సంరంభభయయోగేన’ (కోపభయాల యోగం వల్ల) అని ఉన్నది. పోతన సంరంభాన్ని వదలి భయాన్నే ఉంచుకొన్నాడు. అందువల్ల యోగమంటే ఇక్కడ వట్టి కలయిక కాదు, భయంతో ఎడతెగక తలచుకోవడమని నా అభిప్రాయం. మూలంలోని ‘అనుస్మరన్’ (ఎడతెగక తలచుకొంటూ) కూడా అదే చెబుతున్నది.

ఇంకొకరు: తలచుకొని పురుగు తుమ్మెద కాలేదండీ. కందిరీగ జాతి కీటకం గొంగళిపురుగును కుట్టి, కదలనీయకుండా చేసి, గూట్లో చేర్చి గుడ్డు పెడుతుంది. పిల్ల ఆ పురుగును తిని, పెరిగి, రెక్కలతో వస్తుంది. లోపలికి పోయింది పురుగు, బయటికి వచ్చింది కందిరీగ. నడుమ జరిగిన భోజనం మనవాళ్ల కంటపడలేదు. ఆ చిత్రంలోని భయమంతా ఆ భోజనమే.

అడిగినవారు: అయితే ఆ చిత్రంలో 2003లో తిరిగి చేర్చిన దృశ్యాన్ని ఏమంటారు? అందులో పట్టుబడిన మనిషి మెల్లగా గుడ్డుగానే మారుతుంటాడు. భ్రమరకీటక న్యాయానికి అంతకు మించిన ఉదాహరణ ఉండదు. దాని తరువాయిగా వచ్చిన 1986 చిత్రంలో గుడ్లు పెట్టే రాణిని తెచ్చి ఆ దారి మూసివేశారు.

మరొకరు: 1992 నాటి మూడవ చిత్రంలో కుక్క కడుపున పుట్టినది నాలుగు కాళ్ల మీద పరుగెత్తింది. అక్కడ భ్రమరమే కీటకరూపం వహించినట్లు. పద్యంలో కర్త ‘తత్కీటకము’ గనుక ఇది పొసగదు.

ఇంకొకరు: ‘భ్రాంతంబై’ అన్న మాటను ఎవరూ పట్టించుకోలేదు. భ్రమర, బంభ్రమింప, భ్రాంత, మూడూ ఒకే ధాతువు. ఇంతకూ భ్రమించింది పురుగా, చూసినవాడా?

మొదటి జవాబుదారు: అది తరువాత. మొదటి పాదంలో ‘దెచ్చి భ్రమరము’ అన్నచోట ‘చ్చి’ లఘువైతేనే గణం నిలుస్తుంది; మరి సంయుక్తాక్షరం తన ముందున్న అక్షరాన్ని గురువు చేస్తుంది కదా, పక్కనున్న ‘భ్ర’ ఊరుకున్నదా?