హాలుకి లేత పసుపా, నీలమా? రంగు వేయించినవాళ్లు చెప్పండి

గోదారిగట్టు: రాజమండ్రిలో అమ్మానాన్నల ఇంటికి సంక్రాంతిలోపు రంగులు వేయించాలి. హాలు కిటికీలు పడమటి వైపు. అమ్మ లేత పసుపు అంటోంది, నాన్న నీలం అంటున్నారు. నీలం వేస్తే ఇల్లు చల్లగా ఉంటుందని పెయింటర్ మాట. నిజమేనా?

డాబాఇల్లు: చల్లగా అనిపించడం వేరు, చల్లబడటం వేరు. లోపలి గోడకు ఏ రంగు వేసినా ఉక్కపోత తగ్గదండీ. వేడి తగ్గాలంటే డాబా మీద తెల్లటి కూల్ రూఫ్ పెయింట్ వేయించండి, ఎండను తిప్పికొడుతుంది. తెలంగాణలో 2023లో దీనికోసం ప్రత్యేకంగా పాలసీయే తెచ్చారు.

నెమలికంఠం: ముందు మీ ఇంట్లో బల్బులేంటో చూడండి. మాది చీరల కొట్టు. 6500 కెల్విన్ (బల్బు వెలుతురు ఛాయకు కొలత అది) తెల్ల లైటు కింద నెమలికంఠం రంగు పట్టుచీర నిగనిగలాడుతుంది. అదే చీరను 3000 కెల్విన్ పసుపు లైటు కిందికి తెస్తే నీలం ఛాయ అణిగిపోయి ఆకుపచ్చకు తిరుగుతుంది. ఆ వెలుతురులోనే నీలం తక్కువ, ఇక గుడ్డ మీంచి కంటికి ఏం వస్తుంది? జాకెట్టు ముక్క మ్యాచింగ్ చూసేవాళ్లను నేనే గడప దాటి ఎండలోకి రమ్మంటాను. లోపల అచ్చంగా కలిసిన రెండు రంగులు బయట విడిపోతాయి. మెటామెరిజం అంటారు దీన్ని. లేత నీలం గోడ కూడా పసుపు బల్బుల కింద రాత్రిపూట బూడిద రంగుకు తిరిగి దిగులుగా ఉంటుంది. గోడ మీద రెండడుగుల మేర వేయించి పొద్దున, సాయంత్రం, రాత్రి చూసుకోండి.

అద్దకం: పక్కనున్న రంగునీ చూడాలి. పారిస్‌లోని గోబెలిన్స్ అనే నేత కార్ఖానాలో నల్లదారం వెలవెలబోతోందని ఫిర్యాదులొస్తే, అద్దకాల విభాగం చూసే షెవ్రోల్ పరీక్షించి, లోపం నలుపుది కాదు, పక్కన నేసిన రంగులదని తేల్చాడు. 1839లో దాని మీద పెద్ద పుస్తకమే రాశాడు. మీది ఎర్ర గచ్చయితే బూడిద రంగు గోడ కాస్త ఆకుపచ్చగా కనబడుతుంది.

నైట్‌డ్యూటీ: నేను నర్సుని. వయసు మీదపడేకొద్దీ కంట్లో లెన్స్ పసుపెక్కుతుంది, నీలాలు మసకబారతాయి. మా అమ్మమ్మ ఆ లెన్స్ తీసి కొత్తది పెట్టే కేటరాక్ట్ ఆపరేషనయ్యాక ఇంటికొచ్చి, "ఈ గోడ ఇంత నీలమా! ఎప్పుడు వేయించారే?" అనడిగింది. అది పదేళ్ల నాటి రంగు.

గోదారిగట్టు: నాన్నకు వచ్చే నెలే ఆ ఆపరేషన్! పండగ దాటినా ఫర్వాలేదు, కట్టు విప్పాక ఆయన చూసి చెప్పిందే వేయిస్తాం. బల్బులు మాత్రం ఈ వారమే మారుస్తున్నా.